గీత గీసే ముందు తేల్చుకోవాల్సినవి

జీఐఎస్ నేర్చుకోవాలని వచ్చే పిల్లలు చాలామంది నేరుగా సాఫ్ట్‌వేర్‌తో మొదలుపెడతారు. క్యూజీఐఎస్ ఉచితంగానే దొరుకుతుంది. వెనక శాటిలైట్ ఫొటో పెట్టుకుని ఊరి చెరువు చుట్టూ గీత లాగితే సాయంత్రానికల్లా పటం సిద్ధం. చూడటానికి ముచ్చటగానే ఉంటుంది. ఆరు నెలలు పోయాక ఎవరో వచ్చి, "ఈ చెరువు కింద ఆయకట్టు ఎంత? ఏ తూము కింద ఎవరెవరి పొలాలు పారతాయి? పోయిన వేసవిలో నీళ్లు ఎక్కడిదాకా నిలిచాయి?" అని అడిగితే మాత్రం ఆ పటం నోరు మెదపదు. ముందే తేల్చుకోవాల్సినవి తేల్చుకోకుండా గీసినందుకు వచ్చే చిక్కు ఇది.

ఈ అధ్యాయంలో మీతో చేయించాలనుకున్నది ఆ తేల్చుకోవడమే. నేల మీదున్న దాన్ని కంప్యూటర్‌లో ఏ రూపంలో దాచామన్నదాన్ని బట్టే రేపు దాన్ని ఏం అడగగలమో, ఏం అడగలేమో తేలిపోతుంది. ఆ సంగతి బాగా పట్టుబడితే మెనూలు, బటన్లు వాటంతట అవే అలవాటవుతాయి.

కాబట్టి ముందు కంప్యూటర్ పక్కన పెట్టి ఓ తెల్లకాగితం తీసుకోండి. మీ పటాన్ని ఎవరు, ఏమని అడుగుతారో రాయండి. రైతు అడిగే ప్రశ్న రైతు మాటల్లోనే రాయండి. పంచాయతీ కార్యదర్శి అడిగేది, ఇరిగేషన్ ఏఈ అడిగేది విడిగా రాయండి. ఈ పనికి అరపూట పట్టినా పరవాలేదు.

అసలీ విద్య పుట్టిందే ప్రశ్నల్లోంచి. 1960ల్లో కెనడా ప్రభుత్వం తన గ్రామీణ భూముల్లో ఏది సేద్యానికి పనికొస్తుంది, ఏది అడవికి, ఏది వన్యప్రాణులకు అని లెక్క తీయడం మొదలుపెట్టింది. పటాలు కుప్పలుగా తయారయ్యాయి. ఒకదాని మీద మరొకటి పరిచి, చేత్తో కొలిచి, ఫలానా రకం నేల ఎక్కడెక్కడ ఎన్ని ఎకరాలుందో చెప్పాలంటే అంతమంది మనుషులు దొరకరు. అప్పుడు రోజర్ టామ్లిన్సన్ అనే భూగోళ శాస్త్రవేత్త, ఐబీఎం ఇంజినీర్లు కలిసి ఆ పటాలను కంప్యూటర్‌లోకి ఎక్కించే పద్ధతి తయారుచేశారు. కెనడా జియోగ్రాఫిక్ ఇన్ఫర్మేషన్ సిస్టమ్ అలా వచ్చింది. అందమైన పటం అచ్చు వేయడం వాళ్ల లక్ష్యం కాదు. ఎక్కడ, ఎంత అన్న రెండు ప్రశ్నలకు నమ్మదగ్గ జవాబు రావాలి, అంతే.

చెరువు ఎన్ని రకాలుగా ఉంటుంది?

చెరువునే తీసుకుందాం, మన ఊళ్లలో ఇంతకన్నా మంచి పాఠం లేదు. జీఐఎస్‌లో నేలను చూసే పద్ధతులు ప్రధానంగా రెండు. ఒకటి, లోకమంతా విడివిడి వస్తువులని అనుకోవడం: ఇది తూము, ఇది కాలువ, ఇది పొలం. వీటిని వరసగా పాయింట్, లైన్, పాలిగన్ అనే మూడు రూపాల్లో దాస్తారు. దీన్నే వెక్టర్ అంటాం. రెండోది, లోకాన్ని చిన్న చిన్న గళ్లుగా కోసి ఒక్కో గడికి ఒక్కో విలువ ఇవ్వడం: ఇక్కడ ఎత్తు ఇంత, ఇక్కడ నీరుంది, ఇక్కడ లేదు. ఇది రాస్టర్.

మరి చెరువు ఏ రూపం? రాష్ట్రమంతటి చెరువుల జాబితా కావాలంటే ఒక్కో చెరువుకు ఒక్కో పాయింట్ చాలు. మిషన్ కాకతీయ నాటికి తెలంగాణలో లెక్కతేలిన చెరువులు, కుంటలు 46 వేలకు పైనే. ఏ మండలంలో ఎన్ని, ఏది ఎక్కడ అన్న ప్రశ్నకు అన్ని పాయింట్లు సరిపోతాయి. కానీ మీది ఒక ఊరి పటం. ఇక్కడ చెరువు విడిపోతుంది. కట్ట ఒక లైన్. తూములు పాయింట్లు. మత్తడి, ఆంధ్రలో అలుగు, చిన్నదైతే పాయింట్, పొడవు కొలవాలంటే లైన్. నిండు చెరువు నీటిమట్టం, అంటే ఎఫ్‌టీఎల్, దాని హద్దు ఒక పాలిగన్. శిఖం భూమి, అంటే చెరువు లోపలి నేల, మరో పాలిగన్, ఆయకట్టు ఇంకో పాలిగన్. ఇక నీళ్లు? అవి నెలనెలా మారతాయి. వాటికి ఒక్క గీత గీసి వదిలేస్తే అది ఆ ఫొటో తీసిన రోజు మాటే అవుతుంది. నీటి విస్తీర్ణాన్ని శాటిలైట్ రాస్టర్ నుంచి నెలకొకటి చొప్పున తేదీతో సహా దాచాలి.

ఎఫ్‌టీఎల్‌ను, ఫొటోలో కనబడే నీటి అంచును ఒకటే అనుకోవడం వల్ల జరిగే నష్టం చిన్నది కాదు. ఎండాకాలం ఫొటో మీద గీసిన చెరువు అసలు చెరువులో సగమే ఉండొచ్చు. మిగతా సగం పటంలో ఖాళీ నేలలా కనబడుతుంది. ఖాళీ నేలకు ప్లాట్లు పడటానికి ఎన్నాళ్లు పడుతుందో హైదరాబాద్ చుట్టుపక్కల బతికేవాళ్లకు నేను చెప్పనక్కర్లేదు. ఎఫ్‌టీఎల్ ఎత్తుకు సంబంధించిన మాట. మత్తడి ఎత్తు దగ్గర మొదలై, నేల ఎత్తులు కొలుచుకుంటూ పోతే వచ్చే గీత అది. ఫొటో చూసి ఊహించి గీసేది కాదు. అందుకే ఈ రెండు లేయర్లనూ ఎప్పుడూ కలపకండి. పేర్లు కూడా విడిగా పెట్టండి.

కాలువ గీసేటప్పుడు ఒక జాగ్రత్త. తూము దగ్గర మొదలుపెట్టి చివరి పొలం వైపు గీయండి. లైన్‌లో బిందువులు ఏ వరసలో గీస్తే ఆ వరసలోనే నిలుస్తాయి. నీళ్లు పారే దిక్కూ గీత దిక్కూ ఒకటైతే, "ఈ చోట గండి పడితే కింద ఎవరి పొలాలు ఎండుతాయి?" అన్న ప్రశ్నకు కంప్యూటరే జవాబు వెతకగలదు. కొన్ని గీతలు అటూ కొన్ని ఇటూ ఉంటే వెతకలేదు.

ఒక పొలం, నాలుగు మూలలు

పాలిగన్ లోపల ఏముంటుందో ఒకసారి చేత్తో చేసి చూడండి. ఒక హద్దురాయిని మొదలుగా తీసుకుని తూర్పుకు ఎన్ని మీటర్లు, ఉత్తరానికి ఎన్ని మీటర్లు అని పొలం మూలలు రాద్దాం. మొదటి మూల 0, 0. రెండోది 64, 4. మూడోది 60, 72. నాలుగోది 2, 68. కంప్యూటర్ ఈ నాలుగూ రాసి, చివర్లో మొదటి మూలనే మళ్లీ రాస్తుంది. అప్పుడే హద్దు మూసుకుంటుంది. ఒక్కో సంఖ్యకు 8 బైట్ల చొప్పున, ఐదు బిందువులకు మొత్తం 80 బైట్లు. పొలం అంటే ఇంతే.

విస్తీర్ణం ఎలా వస్తుంది? ఒక మూల తూర్పు సంఖ్యను తర్వాతి మూల ఉత్తరపు సంఖ్యతో గుణించి, అందులోంచి తర్వాతి మూల తూర్పు సంఖ్యను ఈ మూల ఉత్తరపు సంఖ్యతో గుణించగా వచ్చింది తీసేయాలి. అలా చుట్టూరా చేసి కలిపి సగం చేయాలి. పై పొలానికి 4368, 3936 వస్తాయి, మిగతా రెండూ సున్నాలు. కలిపితే 8304, సగం 4152 చదరపు మీటర్లు. ఎకరం సుమారు 4047 చదరపు మీటర్లు, గుంట సుమారు 101. అంటే ఇది ఎకరా ఒక గుంట పొలం. ఇప్పుడు రెండో మూలను ఒక్క మీటరు తూర్పుకు జరపండి. విస్తీర్ణం 4188కి పెరుగుతుంది. 36 చదరపు మీటర్లు, అంటే 43 గజాలు, ఒక్క మూలలో ఒక్క మీటరు తేడాకు. మౌస్ చెయ్యి వణికితే ఏమవుతుందో ఈ లెక్క ఒక్కసారి చేసినవాళ్లు ఇక మరిచిపోరు.

ఇక పక్క పొలం సంగతి. ఇద్దరు రైతుల మధ్య గెట్టు ఒక్కటే. కానీ మీరు రెండు పాలిగన్లు విడివిడిగా గీస్తే కంప్యూటర్‌లో గెట్లు రెండవుతాయి. కంటికి ఒకదాని మీద ఒకటి ఉన్నట్టే ఉంటాయి. దగ్గరకు జూమ్ చేస్తే ఒకచోట సన్నని ఖాళీ, ఇంకోచోట ఒకరి నేల మీద ఇంకొకరి నేల. ఊరి మొత్తం కూడితే విస్తీర్ణం రికార్డుతో కలవదు. దీనికి విరుగుడు టోపాలజీ: హద్దును ఒక్కసారే దాచి, దానికి ఎడమ పక్క ఎవరు, కుడి పక్క ఎవరు అని రాసుకోవడం. అమెరికా సెన్సస్ బ్యూరో 1970 జనగణనకు తయారుచేసుకున్న డైమ్ ఫైళ్లలో ఒక్కో వీధి ముక్కను ఇలాగే, ఎడమ పక్క బ్లాకు, కుడి పక్క బ్లాకు అని రాసుకున్నారు. టోపాలజీ ఉన్నచోట గెట్టు జరిపితే రెండు పొలాలూ ఒకేసారి సర్దుకుంటాయి, మధ్యలో ఎవరిదీ కాని నేల మిగలదు.

మీరు మామూలు పాలిగన్లతోనే పనిచేస్తుంటే కనీసం స్నాపింగ్ ఆన్ చేసి పెట్టుకోండి. పక్క పొలం మూల దగ్గరకు మౌస్ వెళ్లగానే అదే బిందువును పట్టుకుంటుంది. పని ముగిశాక టోపాలజీ చెకర్‌తో ఖాళీలు, ఒకదాని మీదకు ఒకటి ఎక్కినవి వెతికించండి. చెరువు మధ్యలో దిబ్బ ఉంటే పాలిగన్‌లో రంధ్రంగా చెక్కాలి. ఒకే సర్వే నంబరు బాటకు అటూ ఇటూ రెండు ముక్కలుగా ఉంటే మల్టీపాలిగన్‌గా దాచాలి. వీటికి పెద్దగా శ్రమ లేదు, గుర్తుంటే చాలు.

గళ్ల లెక్క

రాస్టర్ పొదుపుగా ఉంటుంది. ఏ గడి ఎక్కడుందో విడివిడిగా రాయదు. పై ఎడమ మూల ఎక్కడ, ఒక్కో గడి ఎంత, వరసలు ఎన్ని, నిలువులు ఎన్ని అని రాసుకుంటుంది. ఆ తర్వాత అన్నీ విలువలే. గడి ఎంతుండాలన్నదే మీరు తేల్చాల్సింది.

సెంటినెల్-2 శాటిలైట్ గడి 10 మీటర్లు, ఎకరానికి 40 గళ్లు వస్తాయి. ల్యాండ్‌శాట్ గడి 30 మీటర్లు, ఎకరానికి నాలుగున్నర. 50 ఎకరాల చెరువుకు సెంటినెల్ గళ్లు 2 వేల చిల్లర. వాటిలో అంచున పడేవే 150కి పైగా, అందులో ప్రతిదీ కొంత నీరు, కొంత బురద. కాబట్టి నీటి విస్తీర్ణం చెప్పేటప్పుడు ఎకరాలో గుంటల దాకా పోకండి. పోతే అది లేని కచ్చితత్వాన్ని అంటగట్టడమే. అరెకరం కుంటకు సెంటినెల్ గళ్లు 20 మాత్రమే. దాని నీళ్లు కొలవాలంటే డ్రోన్ కావాలి.

సరే, డ్రోన్‌తోనే తీద్దామంటే బరువు చూసుకోండి. గడి 5 సెంటీమీటర్లయితే ఒక చదరపు కిలోమీటరుకు 40 కోట్ల గళ్లు, మూడు రంగులకు 120 కోట్ల బైట్లు. మీ ల్యాప్‌టాప్ నత్తనడక నడవకుండా ఉండాలంటే ఫైలును పలకలుగా కోసి, పిరమిడ్లు కట్టించాలి. పిరమిడ్ అంటే అదే చిత్రాన్ని సగానికి, పావుకు తగ్గించిన నకళ్లు. దూరం నుంచి చూసినప్పుడు చిన్న నకలు, దగ్గరకు వచ్చినప్పుడు అసలు తెరుచుకుంటాయి. అన్ని నకళ్లూ కలిపినా అదనంగా పట్టే చోటు మూడో వంతే. కుదింపు విషయంలో, ఫొటోకు జేపెగ్ వాడినా నష్టం లేదు కానీ ఎత్తుల రాస్టర్‌కు వాడొద్దు. విలువలు మారిపోతాయి.

ఎత్తుల మాట వచ్చింది కనుక ఇంకొక్కటి. సమాచారం లేని గడిని కూడా ఏదో ఒక సంఖ్యతోనే నింపుతారు. నాసా ఎస్‌ఆర్‌టీఎం ఎత్తుల్లో ఆ సంఖ్య -32768. దాన్ని 'విలువ లేదు' అని సాఫ్ట్‌వేర్‌కు చెప్పకుండా సగటు ఎత్తు తీస్తే ఊరు సముద్రం అడుగున తేలుతుంది. రాస్టర్ తెరవగానే అతి తక్కువ, అతి ఎక్కువ విలువలు చూసే అలవాటు చేసుకోండి.

సర్వే నంబరు సంఖ్య కాదు

గీతల వెనక పట్టిక ఉంటుంది. ఒక్కో పొలానికి ఒక్కో వరస: సర్వే నంబరు, పట్టాదారు, విస్తీర్ణం, పంట. పేరులో నంబరు ఉంది కదా అని సర్వే నంబరు నిలువును సంఖ్యగా పెడితే 124/అ ఎక్కదు. ఎక్సెల్‌లో కొట్టి తెద్దామంటే 5/2 అన్న సబ్‌డివిజన్‌ను అది తేదీగా మార్చేస్తుంది. పొలం నంబరు పోయి ఫిబ్రవరో, మేనో మిగులుతుంది. కొట్టే ముందే ఆ నిలువును టెక్స్ట్ అని చెప్పండి. విస్తీర్ణం మాత్రం సంఖ్యగానే, ఒకే కొలతలో ఉండాలి. 1-20 అని రాస్తే తెలంగాణలో ఎకరా 20 గుంటలు, అంటే ఎకరన్నర. 1.20 అని రాస్తే ఆంధ్రలో ఎకరా 20 సెంట్లు. ఎకరానికి 40 గుంటలు, 100 సెంట్లు. రెంటినీ ఒకే నిలువులో కలిపితే ఆ మొత్తం ఎందుకూ పనికిరాదు.

తెలుగులో రాసుకునేవాళ్లకు షేప్‌ఫైల్ అనే పాత ఫార్మాట్ పెట్టే ఇబ్బంది ప్రత్యేకంగా చెప్పాలి. 1990ల్లో ఎస్రీ సంస్థ తెచ్చిన ఈ ఫార్మాట్ ఇప్పటికీ ఆఫీసుల్లో ఎక్కువగా తిరుగుతోంది. దాని పట్టికలో నిలువు పేరుకు 10 బైట్లే చోటు. యూటీఎఫ్-8లో తెలుగు అక్షరానికి, గుణింతపు గుర్తుకు, పొల్లుకు ఒక్కోదానికి 3 బైట్లు పడతాయి. ఊరు అన్న మాట 9 బైట్లు, పడుతుంది. సర్వే అన్న మాటకు 15, పట్టదు, మధ్యలో తెగిపోతుంది. పైగా షేప్‌ఫైల్ పేరుకు ఒకటే కానీ నిజానికి ఫైళ్ల గుంపు: గీతలు ఒకదాంట్లో, పట్టిక ఒకదాంట్లో, సూచిక ఒకదాంట్లో, అక్షాంశ రేఖాంశాల పద్ధతి ఇంకొకదాంట్లో. వాట్సాప్‌లో ఒక్కటి పంపి మిగతావి మరిచిపోతే అవతలివాళ్లకు ఏదీ తెరుచుకోదు. ఇంకెవరైనా షేప్‌ఫైలే కావాలని అడిగితే ఇవ్వండి కానీ మీ దగ్గర దాచుకునేది జియోప్యాకేజ్‌లో దాచుకోండి. 2014లో ప్రమాణంగా వచ్చింది. అన్ని లేయర్లూ ఒకే ఫైలులో ఇముడుతాయి, తెలుగు పేర్లు తెగవు.

పదిమంది ఒకేసారి మార్పులు చేసే జిల్లా స్థాయి పని అయితే పోస్ట్‌జీఐఎస్ లాంటి డేటాబేస్‌కు వెళ్లాలి. లక్షల పొలాల్లో "ఈ చోటున ఉన్న పొలం ఏది?" అన్న ప్రశ్నకు క్షణంలో జవాబు రావడానికి అక్కడ ఒక సూచిక పనిచేస్తుంది. ఆంటోనిన్ గట్‌మన్ 1984లో ప్రతిపాదించిన ఆర్-ట్రీ దానికి మూలం. ఒక్కో పొలం చుట్టూ ఒక దీర్ఘచతురస్రం ఊహించుకోండి. దగ్గరదగ్గరగా ఉన్న కొన్ని దీర్ఘచతురస్రాల చుట్టూ ఇంకో పెద్దది, వాటి చుట్టూ ఇంకా పెద్దది. వెతికేటప్పుడు ముందు పెద్దదాన్ని చూసి, మన చోటు అందులో లేకపోతే దాని కిందున్న వేల పొలాలను ముట్టుకోకుండానే వదిలేస్తుంది. చివరికి మిగిలిన నాలుగైదు పొలాలకే అసలు హద్దుతో పోల్చి చూస్తుంది. సూచిక కట్టడానికి ఒక్క ఆదేశం చాలు. మరిచిపోతే మాత్రం ప్రతి ప్రశ్నకూ పొలాలన్నీ తిరిగి రావాలి.

సంఖ్యలు ఏ నేల మీదివి?

అక్షాంశ రేఖాంశాలు డిగ్రీల్లో ఉంటాయి. డిగ్రీలతో విస్తీర్ణం కొలవకూడదు. హైదరాబాద్ దగ్గర ఉత్తర దక్షిణంగా ఒక డిగ్రీ దాదాపు 111 కిలోమీటర్లు ఉంటే, తూర్పు పడమరలుగా 106 కిలోమీటర్లే. కొలవాలంటే మీటర్ల పద్ధతి కావాలి. మనకు మామూలుగా వాడేది యూటీఎం. అందులో భూమిని 6 డిగ్రీల జోన్లుగా కోస్తారు. తెలుగు నేలలో ఎక్కువ భాగం 44వ జోన్. కానీ అనంతపురం, నారాయణపేట 43లో పడతాయి, పలాస, ఇచ్ఛాపురం 45లో పడతాయి. అలవాటు చొప్పున ఊరు ఎక్కడున్నా 44 పెట్టేయకుండా రేఖాంశం చూసుకోండి.

పాత టోపో షీట్లు వాడితే ఇంకో సంగతి. 1802లో లాంబ్టన్ మద్రాసు దగ్గర మొదలుపెట్టిన సర్వే వారసత్వంగా మన పాత పటాలు 1830 నాటి ఎవరెస్ట్ ఎలిప్సాయిడ్ (భూమి ఆకారానికి గణిత నమూనా) మీద ఉన్నాయి. జీపీఎస్ డబ్ల్యూజీఎస్-84 అనే వేరే నమూనా మీద పనిచేస్తుంది. మార్చకుండా ఒకదాని మీద ఒకటి వేస్తే మన ప్రాంతంలో వంద మీటర్లకు పైగా పక్కకు పడతాయి.

గ్రామ నక్షా అయితే దానికి అక్షాంశ రేఖాంశాలే ఉండవు. స్కాన్ చేసి, మూడు ఊళ్ల సరిహద్దు కలిసే ట్రైజంక్షన్ రాళ్లు, పాత గుడి, కట్ట కొసలు లాంటి కదలని చోట్లను జీపీఎస్‌తో గుర్తించి కూర్చోబెట్టాలి. ఎంత బాగా కూర్చోబెట్టినా కాగితానికి ఓ హద్దుంది. మైలుకు 16 అంగుళాల నక్షా అంటే 1:3960. దాని మీద అర మిల్లీమీటరు గీత నేల మీద దాదాపు 2 మీటర్లు. ఫోన్ జీపీఎస్ దశాంశం తర్వాత ఆరు అంకెలు చూపిస్తుంది, ఆరో అంకె విలువ 11 సెంటీమీటర్లు. కానీ ఆ ఫోన్ ఉన్న చోటే నాలుగైదు మీటర్లు అటూ ఇటూ. ఇలాంటి పటం చూపించి గెట్టు తగాదాలో ఎవరి పక్షమూ తీర్పు చెప్పకండి. మనుషులు పొలం కోసం ప్రాణాలమీదికి తెచ్చుకుంటారు. హద్దు తేల్చేది టిప్పన్ లేదా ఎఫ్‌ఎంబీ (పొలం కొలతల రికార్డు) ఆధారంగా సర్వేయర్. ఆంధ్రప్రదేశ్‌లో 2020 డిసెంబర్‌లో మొదలైన రీసర్వేకు డ్రోన్లు, కార్స్ స్టేషన్లు (నిరంతరం పనిచేసే జీపీఎస్ ఆధార కేంద్రాలు) అవసరమైంది ఇందుకే.

ప్రతి లేయర్‌తో పాటు ఒక చిన్న నోటు రాసి అదే ఫోల్డర్‌లో పెట్టండి. ఏ నక్షా నుంచి లేదా ఏ తేదీ శాటిలైట్ చిత్రం నుంచి గీశారు, ఏ జోన్, ఎన్ని మీటర్ల వరకు నమ్మొచ్చు, గీసింది ఎవరు, ఎప్పుడు, విస్తీర్ణం గుంటల్లోనా సెంట్లలోనా, ఎఫ్‌టీఎల్ గీతకు ఆధారం మత్తడి కొలతా, ఆఫీసు రికార్డా. ఇప్పుడు మొదట్లో రాసుకున్న ప్రశ్నల కాగితం తీసి, ఏ లేయర్ ఏ ప్రశ్నకో పక్కన రాయండి. లేయర్ దొరకని ప్రశ్నలు రెండు మూడు మిగిలితే వచ్చే అధ్యాయంలో ఫీల్డుకు వెళ్లేటప్పుడు వాటితోనే మొదలుపెడదాం.